కుజుడి లెక్కతో మొదలుపెట్టండి: గ్రహగతుల చదువుకు కొన్ని పుస్తకాలు

అందరికీ నమస్కారం.

ఖగోళ యాంత్రికశాస్త్రం, అంటే సెలెస్టియల్ మెకానిక్స్, సొంతంగా నేర్చుకోవాలంటే ఏ పుస్తకాలు చదవాలో చెప్పమని నన్ను పిలిచారు. ఎదురుగా డిగ్రీ ఫిజిక్స్, మ్యాథ్స్ విద్యార్థులు ఉన్నారు. పంచాంగ గణితం తెలిసిన పెద్దలు కొందరు కూడా వచ్చారు. మీరందరూ ఒకే గదిలో కూర్చోవడం నాకు చాలా సంతోషంగా ఉంది. ఎందుకో కాసేపట్లో చెబుతాను.

పుస్తకాల పేర్లు చదివేసి కూర్చోవచ్చు. కానీ మీకు పేర్ల కొరత లేదు. ఫోనులో పది నిమిషాలు వెతికితే బోలెడు పీడీఎఫ్‌లు దొరుకుతాయి. అన్నీ డౌన్‌లోడ్ చేసుకుంటాం, ఒక్కోదాన్లో మొదటి అధ్యాయం తిరగేస్తాం, వెక్టార్లు, నిరూపకాల మార్పులు వచ్చేసరికి ఆగిపోతాం. అలా ఆగిపోయిన తెలివైన పిల్లలను చాలామందిని చూశాను. పుస్తకం నుంచి తమకు ఏం కావాలో వాళ్లు ముందుగా తేల్చుకోలేదు, అంతే. అందుకే నా సలహా: ఒక లెక్క మనసులో పెట్టుకుని పుస్తకం తెరవండి. ఫలానా తేదీన కుజుడు ఆకాశంలో ఎక్కడుంటాడు? ఇది కాగితం మీద, మీ చేత్తో మీకు వచ్చేదాకా ఇంకో ప్రశ్న వద్దు. ఈ లెక్కకు దారి చూపించే పుస్తకం మీకు ఇప్పుడు కావాలి. దారి చూపించనిది ఎంత గొప్పదైనా కొన్నాళ్లు పక్కన పెట్టండి.

కుజుడే ఎందుకంటే, ఈ శాస్త్రానికి పునాది పడింది కుజుడి మీదే. ఖగోళ పరిశీలకుడు టైకో బ్రాహీ టెలిస్కోపు లేని రోజుల్లో కొలిచి రాసిపెట్టిన కుజుడి స్థానాలను ఖగోళ శాస్త్రవేత్త కెప్లర్ ఏళ్ల తరబడి వృత్తాలతో సరిపెట్టాలని చూశాడు. ఎంత చేసినా 8 కళల తేడా మిగిలింది (డిగ్రీలో అరవయ్యో వంతు ఒక కళ). నిండు చంద్రుడి వెడల్పులో అది నాలుగో వంతు. టైకో అంత పొరపాటు చేసే మనిషి కాదని కెప్లర్‌ నమ్మకం. ఆ 8 కళల కోసం తాను కట్టిన సిద్ధాంతాన్ని తానే పడగొట్టి, 1609లో అచ్చయిన 'ఆస్ట్రోనోమియా నోవా'లో కుజుడు నడిచేది దీర్ఘవృత్తంలో అని చూపించాడు. కుజుడి కక్ష్య ఉత్కేంద్రత, అంటే కక్ష్య వృత్తం నుంచి ఎంత తప్పుకుందో చెప్పే సంఖ్య, 0.093. శుక్రుడిది 0.007 మాత్రమే, దాదాపు వృత్తమే. కెప్లర్ చేతికి శుక్రుడి లెక్క వచ్చి ఉంటే ఈ సంగతి దొరకడం చాలా కష్టమయ్యేది.

ఈ దీర్ఘవృత్తం ప్రభావం మన కంటికి కూడా తెలుస్తుంది. 2018 జూలై చివర్లో కుజుడు భూమికి 5 కోట్ల 76 లక్షల కిలోమీటర్ల దగ్గరికి వచ్చాడు. 2027 ఫిబ్రవరి 19న సూర్యుడికి ఎదురుగా వచ్చినప్పుడు మాత్రం దూరం సుమారు 10 కోట్ల కిలోమీటర్లు. అప్పుడు సింహరాశిలో మఖ నక్షత్రానికి దగ్గరగా ఉంటాడు. ఆ తేదీకి ముందూ వెనకా వారానికోసారి స్థానం గుర్తుపెట్టుకుంటూ పోతే వక్రగతి, అంటే గ్రహం వెనక్కి నడుస్తున్నట్టు కనిపించడం, మీ కాగితం మీదే కనిపిస్తుంది. విద్యార్థులు తప్పకుండా చేయాల్సిన పని ఇది.

సరే, పుస్తకాలు. మొదటి మెట్టు మీ ఇంట్లోనే ఉంది. బీఎస్సీ మొదటి సంవత్సరం మెకానిక్స్‌లో సెంట్రల్ ఫోర్సెస్ అధ్యాయం ఉంటుంది. బలం దూరపు వర్గానికి విలోమానుపాతంలో ఉంటే కక్ష్య శాంకవం, అంటే వృత్తం, దీర్ఘవృత్తం లాంటి వక్రం, అవుతుందని అందులో రుజువు చేస్తారు. మనవాళ్లు దాన్ని పది మార్కుల ప్రశ్నగా బట్టీపట్టి, పరీక్ష అయ్యాక మర్చిపోతారు. నాకు చాలా బాధ కలిగించే సంగతి ఇది. మనిషి బుద్ధి సాధించిన గొప్ప రుజువుల్లో అదొకటి. దాన్ని ఈసారి పరీక్ష భయం లేకుండా చదవండి. కాలిక్యులస్ ఇబ్బంది పెడితే, 1964లో భౌతిక శాస్త్రవేత్త రిచర్డ్ ఫైన్‌మన్ విద్యార్థులకు ఇదే విషయం కేవలం రేఖాగణితంతో చెప్పాడు. ఆ ప్రసంగాన్ని గుడ్‌స్టైన్ దంపతులు 1996లో 'ఫైన్‌మన్స్ లాస్ట్ లెక్చర్' పేరుతో పుస్తకంగా తెచ్చారు. ఇంటర్ చదివినవాళ్లకు అందుతుంది, కాకపోతే ఒక్కో బొమ్మా మీరు గీసుకుంటూ వెళ్లాలి.

అయితే కాలేజీ పుస్తకం కక్ష్య ఆకారం చెప్పి ఆగిపోతుంది. ఏ రోజున గ్రహం ఆ కక్ష్యలో ఎక్కడుందో చెప్పదు. దానికి కెప్లర్ సమీకరణం కావాలి. దాన్ని మాటల్లో చెబుతాను, రాసుకోండి. ముందుగా తేల్చాల్సిన ఒక సహాయక కోణం నుంచి, ఆ కోణపు సైన్‌ను ఉత్కేంద్రతతో గుణించి తీసేస్తే, గ్రహం ఒకే వేగంతో నడిచి ఉంటే వచ్చే కోణం మిగలాలి. తెలియని కోణం రెండు చోట్లా ఉంది కాబట్టి సూటిగా విప్పలేం, దగ్గర దగ్గరగా జరుపుకుంటూ పోవాలి.

ఒకసారి చేద్దాం. కుజుడు పరిహేళి, అంటే కక్ష్యలో సూర్యుడికి అతి దగ్గరి చోటు, దాటాక, సమవేగంతో నడిచి ఉంటే 60 డిగ్రీలు వెళ్లేవాడనుకోండి. 60 డిగ్రీల సైన్‌ను 0.0934తో గుణించి, రేడియన్ల నుంచి డిగ్రీల్లోకి మార్చి కలిపితే 64.6 వస్తుంది. ఈసారి 64.6 సైన్ తీసుకుని అదే చేయండి, 64.8 వస్తుంది. ఇంకోసారి చేసినా అక్కడే నిలుస్తుంది. దాన్నుంచి సూర్యుడి దగ్గర ఏర్పడే నిజమైన కోణం తీస్తే 69.8 డిగ్రీలు. సమవేగం లెక్కకూ నిజానికీ మధ్య దాదాపు 10 డిగ్రీల తేడా వచ్చింది.

ఇక్కడ ముందు వరసలోని పెద్దలు తల ఊపుతున్నారు. ఎందుకంటే ఈ 10 డిగ్రీలు వాళ్లకు పాత చుట్టం. పంచాంగ గణితంలో మధ్యమ గ్రహానికి, అంటే సమవేగంతో నడుస్తుందనుకున్న గ్రహానికి, మందఫలం అనే సవరణ చేర్చేది ఈ తేడా కోసమే. తర్వాత శీఘ్రఫలంతో భూమి మీంచి చూసే స్థానం తీసుకొస్తారు. మన పాత ఖగోళ గ్రంథం సూర్య సిద్ధాంతం దీర్ఘవృత్తం వాడదు, దాని దారి వేరు. కానీ ఆకాశంలో ఏ తేడాను పట్టుకోవాలో దానికి స్పష్టంగా తెలుసు. కెప్లర్ సమీకరణం ఒకసారి చేతికి వచ్చాక సూర్య సిద్ధాంతం చదవండి. 1860లో వచ్చిన బర్జెస్ ఇంగ్లిష్ అనువాదంలో వివరమైన నోట్స్ ఉన్నాయి. క్రీ.శ. 499 నాటి ఆర్యభటీయానికి కె.ఎస్. శుక్లా, కె.వి. శర్మ 1976లో ఇచ్చిన అనువాదం ఉంది. వరస తప్పించి వీటిని ముందు చదివితే శ్లోకాల్లో అంకెలే కనిపిస్తాయి, గ్రహం కనిపించదు.

ఈ పెద్దలతో కలిసి కూర్చోవడం సంతోషమని ఎందుకన్నానంటే, మనకు ఏటా ఎదురయ్యే ఒక గొడవ ఉంది. పండగ ఇవాళా, రేపా? పూర్వపద్ధతి పంచాంగం ఒకటంటుంది, ఇప్పటి ఖగోళ గణితంతో వేసే దృక్సిద్ధాంత పంచాంగం ఇంకొకటంటుంది. టీవీలో రెండు వైపులా కేకలు వేస్తారు. తిథి లెక్క రెండింట్లో వేరుగా రావడానికి పెద్ద కారణం చంద్రుడు. పాత పద్ధతి చంద్రుడికి మందఫలం ఒక్కటే వేస్తుంది. నిజానికి సూర్యుడు కూడా చంద్రుణ్ణి లాగుతూ ఉంటాడు కాబట్టి, చంద్రుడి స్థానంలో ఒకటింబావు డిగ్రీ దాకా ఒక తేడా, మూడింట రెండు వంతుల డిగ్రీ దాకా మరొకటి, ఇంకా చిన్నవి చాలా వస్తాయి. ఇది కేకలతో తేలేది కాదు, కాగితం మీద తేలుతుంది. ఇలాంటి చిన్న ఒడిదుడుకుల శాస్త్రాన్నే పెర్టర్బేషన్ సిద్ధాంతం అంటారు.

దానికి నాకు బాగా ఇష్టమైన పుస్తకం ఎఫ్.ఆర్. మౌల్టన్ రాసిన 'యాన్ ఇంట్రడక్షన్ టు సెలెస్టియల్ మెకానిక్స్'. రెండో ఎడిషన్ 1914లో వచ్చింది. పాతదే, వెక్టార్ భాష లేదు, సమీకరణాలు ఒక్కో నిరూపకానికీ విడివిడిగా రాసి ఉంటాయి. అయినా మొదటి పూర్తి పుస్తకంగా నేను దాన్నే చెబుతాను. పెర్టర్బేషన్ల మీద ఒక అధ్యాయాన్ని ఆయన బరువైన సూత్రాలు పెట్టకుండా కేవలం బొమ్మలతో, బలాల దిశలతో నడిపిస్తాడు. సూర్యుడి లాగుడు చంద్రుడి కక్ష్యను ఏ చోట పెంచుతుందో, ఏ చోట తిప్పుతుందో అందులో కళ్లకు కడుతుంది. అధ్యాయాల చివర చరిత్ర కూడా ఉంటుంది. ఇంటర్నెట్ ఆర్కైవ్‌లో ఉచితంగా దొరుకుతుంది.

ఇంజనీరింగ్ వైపు మనసున్నవాళ్లకు బేట్, ముల్లర్, వైట్ ముగ్గురూ 1971లో రాసిన 'ఫండమెంటల్స్ ఆఫ్ ఆస్ట్రోడైనమిక్స్' సరిపోతుంది. అమెరికా ఎయిర్‌ఫోర్స్ అకాడమీ పాఠాల నుంచి వచ్చిన పుస్తకం, అందుకే క్షిపణుల మీద ఒక అధ్యాయం ఉంది. అది వదిలేసినా నష్టం లేదు. భూమి నుంచి కుజుడికి అతి తక్కువ ఇంధనంతో వెళ్లే దారి ఎలా లెక్కవేస్తారో ఇందులో నేర్చుకోవచ్చు. రెండు కక్ష్యలనూ వృత్తాలనుకుంటే ప్రయాణం 259 రోజులని వస్తుంది. మన శ్రీహరికోట నుంచి 2013 నవంబరు 5న లేచిన మంగళయాన్, డిసెంబరు 1న భూకక్ష్య వదిలి, 2014 సెప్టెంబరు 24న కుజుణ్ణి చేరింది. దాదాపు 300 రోజులు. ఆ 40 రోజులు ఎక్కడి నుంచి వచ్చాయో మీరే కనుక్కోండి. కుజుడి దీర్ఘవృత్తాన్ని, భూకక్ష్యతో పోలిస్తే దాని వాలును లెక్కలోకి తెచ్చుకుంటే దారి దొరుకుతుంది.

డాన్‌బీ రాసిన 'ఫండమెంటల్స్ ఆఫ్ సెలెస్టియల్ మెకానిక్స్' మౌల్టన్‌కు ఆధునిక రూపం అనుకోవచ్చు, ప్రోగ్రామింగ్ వచ్చినవాళ్లకు నచ్చుతుంది. జాన్ మీయస్ 'ఆస్ట్రనామికల్ అల్గారిథమ్స్' కచ్చితమైన స్థానాలు తీయడానికి అద్భుతమైన సాధనం, కానీ సూత్రం ఎందుకలా ఉందో అందులో వెతకకండి. చేతిలెక్క వచ్చాకే దాన్ని తెరవండి. మీ జవాబును నాసా జేపీఎల్ వారి గ్రహస్థానాల వెబ్‌సైట్ హొరైజన్స్‌లో ఉచితంగా సరిచూసుకోవచ్చు.

ఎంఎస్సీ స్థాయిలో ముర్రే, డెర్మాట్ కలిసి 1999లో తెచ్చిన 'సోలార్ సిస్టమ్ డైనమిక్స్' ఉంది. గురుడి చందమామలు అయో, యూరోపా, గానిమీడ్ ఒకటి, రెండు, నాలుగు నిష్పత్తిలో ఎందుకు తిరుగుతాయో, గ్రహశకలాల పట్టీలో ఖాళీలు ఎందుకున్నాయో అది విప్పి చెబుతుంది. కష్టమైన పుస్తకం. ఒక్కరే చదవడం కన్నా ఇద్దరు ముగ్గురు కలిసి, వారానికి కొన్ని పేజీలు చదవడం మంచిది.

న్యూటన్ 'ప్రిన్సిపియా' గురించి ప్రతి సభలోనూ అడుగుతారు. 1687 నాటి ఆ రేఖాగణితం ఇప్పటివాళ్లకు కొరుకుడు పడదు. నోబెల్ గ్రహీత ఎస్. చంద్రశేఖర్ తన చివరి రోజుల్లో దాంట్లోని ముఖ్యమైన ప్రతిపాదనలను ఇప్పటి గణితంలో తిరిగి రుజువు చేసి, 1995లో 'న్యూటన్స్ ప్రిన్సిపియా ఫర్ ద కామన్ రీడర్' తెచ్చారు. పేరులో సామాన్య పాఠకుడని ఉన్నా, గణితం బాగా వచ్చినవాళ్లకే అది. మౌల్టన్ పూర్తయ్యాక చదవండి, ఆ తేజస్సు అప్పుడు అర్థమవుతుంది. గణిత శాస్త్రవేత్త గాస్ 1809 పుస్తకం 'థియోరియా మోటస్'కు కూడా 1857 నాటి ఇంగ్లిష్ అనువాదం ఉంది. 1801లో సీరిస్ అనే చిన్న గ్రహం కొన్ని వారాలు కనిపించి సూర్యుడి వెలుగులోకి వెళ్లిపోతే, ఆ కొద్ది కొలతల నుంచే గాస్ కక్ష్య కట్టాడు. ఆయన చెప్పిన చోటికి దగ్గర్లోనే ఆ ఏడాది చివర అది మళ్లీ దొరికింది. ఆ పద్ధతి ఏమిటో ఆయన మాటల్లోనే చదవడం గొప్ప అనుభవం.

లైబ్రరీ కమిటీవారికి ఒక విన్నపం. ఖరీదైన కొత్త పుస్తకాలు కొనలేకపోయినా ఫరవాలేదు. మౌల్టన్ రెండు కాపీలు ప్రింట్ తీసి బైండ్ చేయించండి. బేట్, ముల్లర్, వైట్ పుస్తకానికి డోవర్ సంస్థ వేసిన చౌక ప్రతి ఒకటి తెప్పించండి. వాటి పక్కన ఈ ఏటి రెండు రకాల పంచాంగాలూ పెట్టండి. ఆదివారం సాయంత్రాలు ఒక బల్ల, ఒక బోర్డు ఇస్తే, మొదటి కొన్ని వారాలు కెప్లర్ సమీకరణం నేను చేయిస్తాను. సైంటిఫిక్ కాలిక్యులేటర్ మాత్రం ఎవరిది వాళ్లే తెచ్చుకోవాలి. ఇక మీ ప్రశ్నలు అడగండి.