జోలె పట్టి తీసిన సినిమా

అందరికీ నమస్కారం.

జాన్ అబ్రహాం అనగానే ఇప్పుడు చాలామందికి హిందీ హీరో గుర్తొస్తాడు. నేను మాట్లాడబోయేది అదే పేరున్న మలయాళ దర్శకుడి గురించి. 1937లో పుట్టారు, 1987లో కోజికోడ్‌లో మేడ మీద నుంచి పడి చనిపోయారు. యాభై కూడా నిండలేదు. తీసిన కథాచిత్రాలు నాలుగే.

ఎల్ఐసీ ఉద్యోగం మానేసి పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో చేరారు. అక్కడ ఆయన గురువు బెంగాలీ దర్శకుడు రిత్విక్ ఘటక్. 1977లో తమిళంలో తీసిన 'అగ్రహారత్తిల్ కళుదై'కి జాతీయ అవార్డు వచ్చింది. ఒక ప్రొఫెసర్ తల్లిలేని గాడిదపిల్లను చేరదీస్తాడు. అగ్రహారంలో మూగపిల్ల దాన్ని సాకుతుంది. ఊళ్లో ఏ చెడు జరిగినా గాడిద వల్లే అంటారు, చివరికి చంపేస్తారు. ఆ తర్వాత మంచి జరిగేసరికి దానికే గుడి కడదామంటారు! కులం మీద ఇంత సూటిగా దెబ్బకొట్టిన సినిమాలు మన దక్షిణాదిలో తక్కువ.

1979లో చెరియాచన్ అనే భూస్వామి కథ తీశారు. హాస్యనటుడిగా పేరుపడ్డ అడూర్ భాసి చేత, అపరాధభావం తరుముతుంటే భయంతో వణికిపోయే మనిషిగా నటింపజేశారు.

అసలు చెప్పాల్సింది ఒడెస్సా గురించి. నిర్మాత డబ్బు పెడితే సినిమా నిర్మాతదే అవుతుంది, జనం పెడితే జనానిది అవుతుందని జాన్, ఆయన మిత్రులు నమ్మారు. 1984లో ఒడెస్సా అనే బృందం కట్టారు. ఊరూరా తిరిగి చాప్లిన్ 'ది కిడ్' వేసి చూపించారు, చూసినవాళ్లను చందా అడిగారు. రూపాయి ఇచ్చినా కళ్లకద్దుకున్నారు. అలా పోగైన డబ్బుతో తయారైందే 1986 నాటి 'అమ్మ అరియాన్', అంటే 'అమ్మకు తెలియడానికి'.

ఢిల్లీ బయల్దేరిన పురుషన్‌కు వాయనాడ్ దారిలో ఉరేసుకున్న ఒక యువకుడి శవం కనిపిస్తుంది. ఆ ముఖం ఎక్కడో చూసినట్టుంది. ఆరా తీస్తే తబలా వాయించే హరి అని తెలుస్తుంది. కొచ్చిలో ఉన్న తల్లికి కబురు చెప్పాలి. ఢిల్లీ ప్రయాణం మానుకుంటాడు. దారిలో ఒక్కొక్క స్నేహితుడూ తన తల్లికి చెప్పి వెంట నడుస్తాడు. కొచ్చి చేరేసరికి అదొక గుంపు. నాకైతే ఇక్కడ కథా, చందా ఒకటే అనిపిస్తాయి. ఒక్కడితో మొదలైన నడకలో పదిమంది కలిశారు, ఒక్క రూపాయితో మొదలైన డబ్బు సినిమా అయింది. మధ్యలో సాగదీత ఉంది, ఒప్పుకోవాలి. అయినా నక్సలైట్ ఉద్యమంలాంటి ఓడిపోయిన ఉద్యమాల కుర్రాళ్ల గురించి ఇంత ప్రేమగా మాట్లాడిన సినిమా నేను మరొకటి చూడలేదు.

జాన్ తాగుడు గురించి, దేశదిమ్మరితనం గురించి కథలు కథలుగా చెబుతారు. వాటి చాటున ఆయన పని మరుగున పడిపోతోందనే నా బాధ. టికెట్ లేకుండా ఊళ్లో జనం మధ్య తెర కట్టి సినిమా చూపించడం చిన్న విషయం కాదు.

ఇప్పుడు 'అమ్మ అరియాన్' చూద్దాం. దాదాపు రెండు గంటలుంటుంది. అయ్యాక వెళ్లిపోకండి, ఇక్కడే కూర్చుని మాట్లాడుకుందాం.