లాన్‌లో తుంగ: ఏ మందు, ఎంత, ఎప్పుడు

శ్రోతలకు నమస్కారం.

తొలకరి పడి పది రోజులు గడిచాక ఇంటి ముందు లాన్‌ను గమనించండి. కత్తిరించిన మూడో రోజుకే గడ్డిని దాటుకుని పోచలు నిలబడ్డాయంటే అది చాలావరకు తుంగే. ఒక కాడను తెంపి బొటనవేలికీ చూపుడువేలికీ మధ్య తిప్పండి. మూడు అంచులు వేలికి తగిలితే తుంగ, నున్నగా జారితే గడ్డి. ఈ పరీక్ష చేశాకే మందుల దుకాణానికి వెళ్లండి. వెడల్పాకు కలుపును చంపే మందు తుంగ వేళ్లను చంపదు. గడ్డిజాతి కలుపును చంపే మందేమో తుంగను వదిలేసి లాన్‌నే కాల్చేస్తుంది.

కూలీలను పెట్టి ఎన్నిసార్లు పీకించినా తుంగ ఎందుకు తిరిగొస్తుంది? తుంగ ఉన్నచోట గునపంతో జానెడు లోతు మట్టిపెళ్లను లేపితే తెలుస్తుంది. నల్లటి తీగల్లాంటి వేళ్లు, వాటి మీద పూసలు గుచ్చినట్టు వరసగా గడ్డలు ఉంటాయి. మనం తుంగముస్తలు అనేవి ఇవే. పైన మొలిచిన గడ్డ బతికున్నంత కాలం గొలుసులోని మిగతా గడ్డలు చాలావరకు నిద్రలో ఉంటాయి. పోచను లాగితే అది మొదట్లోనే తెగిపోతుంది. గొలుసు కూడా తెగితే నిద్రపోతున్న గడ్డలు మొలకెత్తుతాయి. అందుకే ఒకటి పీకినచోట నాలుగు లేస్తాయి. ఆకు మీద పడిన మందు గడ్డ దాకా దిగితేనే ఉపయోగం.

అలా దిగే మందుల్లో హాలోసల్ఫ్యూరాన్ మిథైల్ 75 శాతం గుళిక మందు ముఖ్యమైనది. మన దగ్గర చెరకు, మొక్కజొన్నల్లో తుంగకు వాడుతున్నారు. అమెరికాలో లాన్లకూ వాడతారు. గరిక జాతి బెర్ముడా, కొరియన్ గడ్డి, వెడల్పాకు బఫెలో గడ్డి దీన్ని తట్టుకుంటాయి. అయినా ముందు ఒక మూలన చాపంత చోట కొట్టి, రెండు వారాలు చూశాకే మిగతా లాన్‌కు వెళ్లండి.

పంటల్లో మోతాదు ఎకరాకు 36 గ్రాములు. ఎకరం అంటే 4,840 గజాలు. ఆ లెక్కన వంద గజాల లాన్‌కు పడేది ముప్పావు గ్రాము మాత్రమే! ఎక్కువమంది చెడగొట్టుకునేది ఇక్కడే. టీ చెంచాతో కొలిస్తే మూడు నాలుగు రెట్లు పడి, లాన్ పసుపెక్కి ఎదుగుదల ఆగిపోతుంది. గ్రాములో వందో వంతు చూపే చిన్న డిజిటల్ త్రాసు కొనుక్కోండి. కొలిచిన మందును ముందు గ్లాసెడు నీళ్లలో కరిగించి, తర్వాత 3 నుంచి 4 లీటర్లకు పెంచండి. ఆకు మీద నిలవడానికి నాన్-అయానిక్ రకం స్టిక్కర్ ద్రవాన్ని (మందు ఆకుకు అంటుకునేలా చేసేది) దాని సీసా మీది మోతాదులో కలపండి. కలిపిన మందును ఆ రోజే కొట్టేయాలి, దాచకూడదు.

మీ స్ప్రేయర్ వంద గజాలకు ఎన్ని నీళ్లు పోస్తుందో ముందు మంచినీళ్లతో నడిచి చూసుకోండి. విసనకర్ర ఆకారంలో పడే ఫ్లాట్ ఫ్యాన్ నాజిల్ పెడితే మందు సమంగా పడుతుంది. నాజిల్ మూసుకుపోతే నోటితో ఊదవద్దు, పాత టూత్‌బ్రష్‌తో శుభ్రం చేయండి. చేతులకు తొడుగులు, ముఖానికి మాస్కు ఉండాలి. మందు ఆరేదాకా పిల్లల్నీ కుక్కల్నీ లాన్ మీదికి రానివ్వద్దు. పూలమొక్కల వైపు అట్టముక్క అడ్డం పెట్టండి.

తుంగ మూడు నుంచి ఎనిమిది ఆకుల మధ్య ఉన్నప్పుడు, గాలి లేని పొద్దున, ఆ రోజు వాన సూచన లేకపోతేనే కొట్టండి. రెండు రోజుల ముందు నుంచి, కొట్టాక మరో రెండు రోజుల దాకా కత్తిరించవద్దు. ఆకు లేకపోతే మందు ఎక్కే దారే ఉండదు. ఎండకు వాడిన లాన్ మీద, పరిచి ఇంకా వేరు పట్టని కొత్త గడ్డి మీద అసలు వాడవద్దు. తర్వాత తుంగ నెమ్మదిగా పసుపెక్కుతుంది, పూర్తిగా ఎండడానికి మూడు నాలుగు వారాలు పడుతుంది. వారానికే పనిచేయలేదనుకుని మళ్లీ కొట్టడం పెద్ద పొరపాటు. అప్పటికి నిద్రలో ఉండి తప్పించుకున్న గడ్డలు మొలిస్తే, ఆరు నుంచి పది వారాల మధ్య రెండోసారి కొట్టాలి.

గ్లైఫోసేట్ తుంగతోపాటు లాన్‌నూ చంపుతుంది. పైగా 2022 అక్టోబరులో కేంద్రం దాని వాడకాన్ని పెస్ట్ కంట్రోల్ ఆపరేటర్లకే పరిమితం చేసింది. పారాక్వాట్ ఆకును మాడ్చి వదిలేస్తుంది, గడ్డ మళ్లీ మొలుస్తుంది. అది నోట్లోకి వెళితే విరుగుడు లేదు. అలాంటి మందును ఇంట్లోకే రానివ్వకండి. పెండిమిథాలిన్ గింజ మొలకలను ఆపుతుందిగానీ గడ్డ నుంచి వచ్చే తుంగను ఆపలేదు.

తుంగకు నీడ పడదు. అందుకే లాన్‌ను మరీ నున్నగా గొరగకుండా కాస్త ఎత్తు ఉంచి కత్తిరించండి. నీళ్లు నిలిచే పల్లాలను పూడ్చండి. పూడ్చడానికి తెచ్చే ఎర్రమట్టిని, నర్సరీ నుంచి వచ్చే పచ్చిక చాపల అడుగును చేత్తో నలిపి చూడండి. నల్లటి గడ్డ ఒక్కటి కనిపించినా ఆ లోడు దించుకోకండి.