ముప్ఫై ఆటల పెట్టెలోకి మన ట్యాంకు ఆట: నెస్ క్లాసిక్‌లో కొత్త గేములు ఎక్కించడం

నమస్కారమండీ. పర్లాకిమిడి నుంచి మాటాడతన్నాను. పాతపట్నం దాటి పది నిమిషాలు బండి మీద వస్తే మా ఊరు, కాకపోతే ఒరిస్సా. ఇంట్లో తెలుగు, బజార్లో ఒడియా, రెండూ కలిసిపోయిన నోరు నాది. వాడుక భాష కోసం పోట్లాడిన గిడుగు రామమూర్తి పంతులుగారు ఈ ఊళ్ళోనే మేస్టరుగా చేశారు, అంచేత నేను ఇలగే మాటాడతాను, ఏమనుకోకండి.

ఒరే చిన్నా, కెమెరా టేబుల్ మీదకి దించరా. కెమెరా పట్టుకున్నది మా మేనల్లుడండీ, ఇంటరు చదువుతన్నాడు.

ఇదీ సరుకు. నింటెండో వాళ్ళ నెస్ క్లాసిక్, అంటే ఎనభైల నాటి వాళ్ళ నెస్ అనే టీవీ గేముల పెట్టెకి బుల్లి రూపం. 2016 నవంబర్లో వచ్చింది. అరచేతిలో పట్టీసింది చూడండి. ముందు మూత ఉంది కదా, క్యాసెట్ పెట్టీది అనుకుంటారు. గోరుతో లాగినా రాదు, ఉత్తి బొమ్మ మూత. లోపలే 30 ఆటలు పెట్టి ఇచ్చాడు, అంతే.

మా బావ అమెరికా నుంచి వస్తూ తెచ్చాడు. ఆ రాత్రి టీవీకి తగిలించి అన్నదమ్ములందరం చాప మీద కూకుని ముప్ఫై బొమ్మలూ ఈ చివర్నుంచి ఆ చివరికి రెండుసార్లు తిప్పాం. 'కాంట్రా ఏదిరా?' అన్నాడు మా అన్నయ్య. లేదు. సూపర్ సి ఉంది, అది కాంట్రాకి రెండో భాగం. సర్కస్ ఆట? లేదు. ట్యాంకుల ఆట? అదీ లేదు. మా అన్నయ్య లేచి భోజనానికి వెళ్ళిపోయాడు.

సర్కస్, ట్యాంకులు ఎందుకు లేవంటే, ఆ లిస్టు అమెరికా పిల్లలు ఆడినవాటిది. మనం ఆడినవి '9999 ఇన్ 1' అని పైన రాసుండే పసుపు క్యాసెట్లోవి. తిప్పితే అవే ఓ ఇరవై ముప్ఫై ఆటలు పేర్లు మార్చుకుని మళ్ళీ మళ్ళీ వచ్చీవి, గుర్తుందా? ట్యాంకుల ఆట అసలు పేరు బ్యాటిల్ సిటీ. నామ్‌కో వాళ్ళు 1985లో జపాన్ ఫామికామ్ కోసం వదిలారు. ఫామికామ్ అంటే నెస్‌కి జపాన్ రూపం. అమెరికా నెస్‌కి అది రానేలేదు. మరి ఈ పెట్టెలో ఎలగుంటాది? మనమే పెట్టుకోవాలి.

ముందు ఒక పని చెయ్యండి. మీ పెట్టె వెనక్కి తిప్పండి. మేళాల్లోనూ ఆన్‌లైన్లోనూ 620 ఆటలని రాసుండే నకళ్ళు తెగ అమ్ముతున్నారు, మొహం అచ్చు ఇలగే ఉంటాది. వెనక పసుపు, తెలుపు పిన్నుల పాత టీవీ వైరు (AV) ఉందంటే అది నకలే. అందులో ఆటలు చిప్‌లో కాల్చీసి ఉంటాయి, మనం చెయ్యగలిగింది ఏటీ లేదు. వీడియో ఇక్కడే ఆపీసి ఆ 620 ఆడుకోండి. అసలుదానికి వెనక రెండే కన్నాలు: ఒకటి హెచ్‌డిఎంఐ, ఒకటి పాత ఫోన్ల చార్జర్ పిన్ను, అంటే మైక్రో యుఎస్‌బి. హెచ్‌డిఎంఐ ఉన్న నకళ్ళు కూడా వచ్చాయి గాని, వాటి కంట్రోలర్ పిన్ను తొమ్మిది సూదులది. అసలుదాని పిన్ను ఇదిగో, పలకగా ఉంటాది. నింటెండో వాళ్ళదే వీ (Wii) అని ఇంకో కన్సోల్, అంటే గేముల పెట్టె ఉంది, దాని రిమోట్‌కి కింద తగిలించీ పిన్నే ఇది.

లోపల ఏటుందో ఒక్క మాటలో చెప్పీస్తాను, ఎందుకంటే అది తెలిస్తే భయం పోతాది. ఇది చిన్న కంప్యూటర్ అండీ. ఆల్‌విన్నర్ ఆర్16 అని ఒక చిప్, 256 ఎంబీ ర్యామ్, 512 ఎంబీ ఫ్లాష్, అంటే అన్నీ దాచుకునే చోటు, పైన విండోస్ లాంటిదే లినక్స్. మనం చూసే మెనూ ఒక ప్రోగ్రాము. ప్రతి ఆటకీ ఒక ఫోల్డరు, అందులో ఆట ఫైలు, కవర్ బొమ్మ, పేరు రాసిన చిన్న ఫైలు. మెనూ ఆ ఫోల్డర్లు చదివి బొమ్మలు పేరుస్తాది. కొత్త ఫోల్డరు పెడితే కొత్త బొమ్మ వస్తాది. అంతే కిటుకు.

ఆ ఫోల్డర్లు పెట్టీ పని హక్చీ అనే ప్రోగ్రాము చేస్తాది. 2017 మొదట్లో మ్యాడ్‌మంకీ అనే పేరుతో ఒకాయన దారి కనిపెట్టాడు. క్లస్టర్‌ఎమ్ అనే ఆయన దానికి విండోస్‌లో బటన్లు నొక్కీలాగ హక్చీ 2 చేశాడు. తర్వాత టీమ్ షింకాన్సెన్ వాళ్ళు అందుకుని హక్చీ 2 సిఈ అని నడిపించారు. మనం వాడీది అదే, డబ్బులు కట్టక్కర్లేదు.

ఇప్పుడు కేబుల్. నవ్వకండి, ఈ వీడియోలో అసలు ముఖ్యమైంది ఇదే. పెట్టెతో వచ్చిన కేబులు మా ఇంట్లో ఎవరో ఫోన్ చార్జింగ్‌కి పట్టుకుపోయారు. బస్టాండు దగ్గర షాపులో ఇంకోటి కొన్నాను. 'కంప్యూటర్‌కి పనిచేస్తాదా బాబూ' అంటే కుర్రాడు 'హెబొ, హెబొ' అన్నాడు. అంటే అయిపోద్ది, అయిపోద్ది అని. సాయంత్రం ఆరు నుంచి పదకొండు వరకు కూకున్నాను. పెట్టె వెలుగుతాది, ఆట నడుస్తాది, ల్యాప్‌టాప్‌కి మాత్రం అక్కడేమీ తగిలించినట్టే లేదు. డ్రైవర్, అంటే పెట్టెని ల్యాప్‌టాప్‌కి పరిచయం చేసే ప్రోగ్రాము, తీసీసి మళ్ళీ వేశాను, ల్యాప్‌టాప్ మూడుసార్లు ఆపి వేశాను, చివరికి పెట్టె పోయిందనుకుని బావకి ఎలగ చెప్పాలా అని కూడా ఆలోచించాను. తప్పంతా కేబుల్‌ది. లోపల కరెంటు తీగలే ఉన్నాయి, డేటా తీగలు లేవు. మీ దగ్గరున్న కేబులు ముందు ఫోన్‌కి పెట్టి ఫొటోలు ల్యాప్‌టాప్‌లోకి వస్తున్నాయా చూసుకోండి. వస్తే పనికొస్తాది.

ఇంకోటి, ఈ పని డెస్క్‌టాప్ మీద చెయ్యకండి. ల్యాప్‌టాప్ అయితే పెట్టెకి కరెంటు యుఎస్‌బి లోంచే, ల్యాప్‌టాప్ బ్యాటరీ లోంచే వస్తాది. మా ఊళ్ళో గాలి కొంచెం గట్టిగా వీస్తే చాలు కరెంటు తీసీస్తారు. 2018లో తిత్లీ తుపాను చూసినవాళ్ళం, వాళ్ళనీ అనలేం. రాస్తూ రాస్తూ ఉండగా మధ్యలో ఆగిపోకూడదు, అదొక్కటే.

సరే, మొదలెడదాం. చిన్నా, ఇప్పుడు బాగా దగ్గరికి రా. నా చేతులు కనిపించాలి.

హక్చీ తెరిచాను. ఏ కన్సోలని అడిగింది, నెస్ అమెరికాది అని చెప్పాను. పైన కెర్నెల్ అనే మెనూ ఉంది, కెర్నెల్ అంటే లినక్స్‌కి గుండెకాయ లాంటిది. అందులో ఇన్‌స్టాల్. నొక్కగానే ఒక కిటికీ వచ్చి, మీ కన్సోల్ కోసం చూస్తన్నానని కూకుంటాది. ఇప్పుడు పెట్టె. పవర్ బటన్ బయటికి ఉంది, అంటే ఆపి ఉంది. కేబులు తగిలించాను. ఎడంచేతి బొటనవేలు రీసెట్ మీద, నొక్కి పట్టుకున్నాను. వదల్లేదు. కుడిచేత్తో పవర్ నొక్కాను, టక్. రీసెట్ ఇంకా వదల్లేదు. టీవీ మీద ఏమీ రాదు, రాకూడదు కూడా. ఒకటి, రెండు, మూడు... ఆ, విన్నారా, విండోస్ టింగ్ అంది. కిటికీ దానంతటది మూసుకుంది. ఇప్పుడు వదిలాను. మొదటిసారి అయితే డ్రైవర్ వెయ్యాలా అని అడుగుతాది, వెయ్యమనండి.

ఇలగ రీసెట్ పట్టుకుని వేస్తే ఏటవుతాదంటే, చిప్ తన ఫ్లాష్‌లో ఉన్నది చదవకుండా యుఎస్‌బి వైపు చూస్తాది. దీన్ని ఫెల్ మోడ్ అంటారు. ఇది చిప్ లోపలే ఫ్యాక్టరీలో కాల్చి పెట్టినది, మనం చెరపాలన్నా చెరగదు. అంచేత ఫ్లాష్‌లో ఎంత గందరగోళం చేసినా ఈ తలుపు మాత్రం తెరుచుకుంటాది, మళ్ళీ సరిచేసుకోవచ్చు. కాకపోతే సరిచెయ్యడానికి పాతది మీ దగ్గరుండాలి కదా. అదే కెర్నెల్ మెనూ లోపల డంప్ అనే మాట ఉన్న వరసలు కనిపిస్తాయి, వాటితో పెట్టెలో ఉన్నదాన్ని కాపీ తీసి ల్యాప్‌టాప్‌లో కాకుండా ఒక పెన్‌డ్రైవ్‌లో పెట్టండి. ఆలస్యమవుతాది, టీ తాగి రండి. నేను మొదటిసారి ఇది చెయ్యలేదు, నా అదృష్టం బాగుండి ఏమీ కాలేదు.

ఇక ఆటలు. ఎక్కణ్ణుంచి తేవాలి అని అడగకండి, లింకులు ఇవ్వను. ఆ ఆటలకి ఇప్పటికీ యజమానులున్నారు. నా దగ్గర బ్యాటిల్ సిటీ ఒక్కటే ఉన్న క్యాసెట్ ఉంది, 60 పిన్నులది. విశాఖలో ఒక ఫ్రెండు దగ్గర డంపర్ ఉంటే క్యాసెట్ అందులో గుచ్చి ఫైలు తీసుకున్నాం. క్లస్టర్‌ఎమ్ ఆ డంపర్ కూడా ఒకటి తయారుచేసి డిజైను అందరికీ ఇచ్చీశాడు, సోల్డరింగ్ వచ్చినవాళ్ళు చూడండి. క్యాసెట్లు లేవంటే ఈ కాలం వాళ్ళు నెస్ కోసం కొత్తగా రాసిన ఆటలున్నాయి. నోవా ద స్క్విరల్ ఉచితం. మైక్రో మేజెస్ 2019లో వచ్చింది, డబ్బులిచ్చి కొన్నాను. నలుగురు ఆడొచ్చు, ఆట మొత్తం 40 కేబీ. మీ పిన్నిగారు పొద్దున్నే వాట్సాప్‌లో పంపే గుడ్ మార్నింగ్ పువ్వు బొమ్మ అంతకంటే పెద్దది. మొదటి సూపర్ మారియో కూడా ఆ 40 కేబీయే. అంచేత చోటు సరిపోదేమో అన్న బెంగ నెస్ ఆటలకి వద్దు.

కింద యాడ్ మోర్ గేమ్స్ బటన్. నొక్కి ఫైలు చూపించాను. ఎడం పక్క లిస్టులో బ్యాటిల్ సిటీ వచ్చీసింది, పక్కన టిక్కు. కుడి పక్క పేరు, సంవత్సరం, ఎంతమంది ఆడొచ్చు, కవర్ బొమ్మ. 'ఇద్దరు' అని పెట్టండి. ఇద్దరు ఆడాలంటే రెండో కంట్రోలర్ కొనాలి, పెట్టెతో ఒక్కటే వచ్చింది. వీ క్లాసిక్ కంట్రోలర్ ఎవరి దగ్గరైనా ఉంటే అదీ పనిచేస్తాది.

ఇక్కడ ఒక్కోసారి పసుపు రంగు హెచ్చరిక లాంటిది వస్తాది, ఈ మ్యాపర్ కుదరదని. మ్యాపర్ అంటే, నెస్ ఒకేసారి చూడగలిగేది కొంచెమే కాబట్టి పెద్ద ఆటల క్యాసెట్లో ముక్కలు మార్చి చూపించే చిప్ ఒకటి పెట్టేవాళ్ళు. కంపెనీకో రకం. ఈ పెట్టెలో నింటెండో పెట్టిన ఎమ్యులేటర్, అంటే పాత నెస్‌లాగ నటించే ప్రోగ్రాము, కచికచి దాని పేరు, కొన్ని రకాలే ఎరుగును. మన 9999 క్యాసెట్లు చేసినవాళ్ళు ఎవరికి తోచిన చిప్ వాళ్ళు వేశారు, అందుకే ఆ క్యాసెట్ మొత్తం డంప్ చేసి ఎక్కించాలంటే అవ్వదు. రెట్రోఆర్క్ అనే మాడ్యూల్ వేస్తే అలాంటివి కొన్ని నడుస్తాయి, అది వేరే వీడియో. బ్యాటిల్ సిటీకి మ్యాపరే లేదు, 24 కేబీ ఆట. హాయిగా నడుస్తాది.

కవర్ బొమ్మ దగ్గర అందరూ గూగుల్ బటన్ నొక్కీసి వచ్చింది పెట్టీసుకుంటారు. మా చిన్నగాడు అలగ కాదు. ఒరే, ఆ కాగితం చూపించు. స్కెచ్ పెన్నుతో ఇటుకలు, మధ్యలో ఆటలో మనం కాపాడుకోవాల్సిన గద్ద, రెండు ట్యాంకులు, పైన తెలుగులో 'ట్యాంకు ఆట' అని రాశాడు. ట్యాంకు కాస్త గుమ్మడికాయలాగ ఉంది, ఫర్వాలేదు. ఫోన్‌తో ఫొటో తీశాం, బ్రౌజ్ నొక్కి అదే ఇచ్చాం. సైజు హక్చీయే తగ్గించుకుంది. బొమ్మ కదా, తెలుగు అక్షరాలకి అడ్డేటుంటాది!

ఆటలు ఎక్కువ పెట్టీవాళ్ళకి ఒక మాట. ఉన్న ప్రతీదీ ఒకే వరసలో పేర్చకండి, మెనూ బరువెక్కి మొండికేస్తాది. సెట్టింగుల్లో ఫోల్డర్లు చేసుకోవచ్చు. నేను మొత్తం పదకొండే ఎక్కించాను. ఏడువందలు ఎక్కించిన ఒక అన్నగారిని చూశాను, ఆయన సాయంత్రమంతా మెనూయే ఆడుకుంటున్నాడు.

సెట్టింగుల్లోనే రీసెట్ కాంబినేషన్ అని ఉంటాది, అది తప్పకుండా వేసుకోండి. ఈ కంట్రోలర్ వైరు రెండున్నర అడుగులు. మెనూకి రావాలంటే ప్రతిసారీ లేచి పెట్టె మీద రీసెట్ నొక్కాలి. ఇది వేసుకుంటే కిందికి, సెలెక్ట్, రెండూ కాసేపు పట్టుకుంటే చాలు, కూకున్న చోటే మెనూ వచ్చీస్తాది. ఆగిన చోట దాచుకోడానికి ఆటకి నాలుగు గళ్ళు ఎప్పట్లాగే ఉంటాయి, మనం ఎక్కించినవాటికి కూడా.

ఇప్పుడు పెట్టె మామూలుగా వేశాను, రీసెట్ పట్టుకోకుండా. హక్చీ గుర్తుపట్టింది. కింద సింక్రనైజ్ బటన్, టిక్కు పెట్టిన ఆటల్ని పెట్టెలోకి పంపీది అదే. గీత నిండుతోంది... అయిపోయింది. పాత స్థితికి వెళ్ళాలంటే అదే కెర్నెల్ మెనూలో అన్‌ఇన్‌స్టాల్ ఉంది, ముప్ఫై ఆటలతో కొత్తదానిలాగ అయిపోతాది.

టీవీ వైపు తిప్పరా. అదిగో, మెనూలో గుమ్మడికాయ ట్యాంకు! అన్నయ్యా, ఒక్కసారి ఇలగ రా, నీ ఆట వచ్చీసింది. చిన్నా, కెమెరా స్టాండు మీద పెట్టీసి రెండో కంట్రోలర్ నువ్వు తీసుకో, మావయ్యతో ఆడు. ఎడం పక్క నువ్వు కాయి, పైకి నేను వెళ్తానంటున్నాడు చూడు మీ పెద్దమావయ్య. వెళ్ళు, వెళ్ళు... ఒరే ఒరే, అటు కాల్చకు, అది మన గద్దరా! ... కాల్చీశాడండీ. గేమ్ ఓవర్. పాతికేళ్ళ తర్వాత కూడా మా అన్నయ్య మొహం అప్పట్లాగే పెట్టాడు. కెమెరా ఆపరా బాబూ, ఇంకో ఆట ఆడాలి.