ఆ ఇంటి మాట ఎవరిని అడగాలి? తిరుపతి ఫోన్-ఇన్ కార్యక్రమం నుంచి

వ్యాఖ్యాత: శ్రోతలకు నమస్కారం. తిరుపతి స్టూడియో నుంచి ప్రత్యక్ష ఫోన్-ఇన్ కార్యక్రమం ఇది. ఈ రోజు విషయం కుటుంబాల మీద పరిశోధన, కుటుంబ చికిత్స. ఈ రెండు పనులూ చాలా ఏళ్లుగా చేస్తున్న మేడమ్ మనతో ఉన్నారు. మొదటి కాల్ తీసుకుందాం. నమస్కారం, ఎక్కడి నుంచి మాట్లాడుతున్నారు?

శ్రోత: తిరుపతి నుంచే మేడమ్. సోషల్ వర్క్ పీజీ రెండో సంవత్సరం చదువుతున్నాను. ఉమ్మడి కుటుంబాల్లో పెద్దవాళ్లను ఎలా చూసుకుంటున్నారన్నది నా ప్రాజెక్టు. 40 ఇళ్లు తిరిగి ప్రశ్నావళి నింపించాను. ఇది కుటుంబ పరిశోధన కాదని మా గైడ్ అంటున్నారు.

నిపుణురాలు: ఇంట్లో ఎవరిని అడిగావమ్మా?

శ్రోత: ఇంటి పెద్దను మేడమ్.

నిపుణురాలు: అంటే 40 మంది ఇంటి పెద్దలను అడిగావు. 40 కుటుంబాలను అడగలేదు. ఒకరు చెప్పింది ఒకరి మాట, ఇంటి మాట కాదు. ఈ ఒక్క ముక్క నేను గంటలో పదిసార్లు చెబుతాను, విసుగు అనుకోవద్దు. నన్ను బాగా చూసుకుంటున్నారని మామగారు అంటారు. ఆయనకు రాత్రి రెండు గంటలకు మంచినీళ్లు ఇచ్చే కోడలిని అడిగితే వచ్చే జవాబు వేరు. రెండూ నిజాలే. ఆ రెండింటి మధ్య ఉన్న దూరమే నీ పరిశోధన. సరే, అది ఉమ్మడి కుటుంబమని ఎలా తేల్చావు?

శ్రోత: ఒకే ఇంట్లో ఉంటే...

నిపుణురాలు: జనగణన వాళ్లు అలా లెక్క పెట్టరు. మామూలుగా కలిసి ఉంటూ ఒకే వంటగదిలో తినేవాళ్లను ఒక గృహంగా తీసుకుంటారు. మన వీధుల్లోనే చూడు. కింద తల్లిదండ్రులు, మేడ మీద కొడుకు, కోడలు. పొయ్యిలు రెండు, బియ్యం బస్తా ఒకటే. పండగకు ఒకే పొయ్యి. ఆ ఇల్లు ఉమ్మడా, వేరు కాపురమా? నీ నిర్వచనం ఏమిటో మొదటి పేజీలోనే రాయి. ఆ తర్వాత 40 ఇళ్లలో కనీసం పది ఇళ్లకు మళ్లీ వెళ్లి, చాకిరీ చేస్తున్న మనిషితో విడిగా కూర్చో. వంటింట్లో కూర్చో, హాల్లో కాదు. హాల్లో కోడలు మామగారికి వినిపించే జవాబే చెబుతుంది.

వ్యాఖ్యాత: ధన్యవాదాలు. తర్వాతి కాల్, శ్రీకాళహస్తి నుంచి.

శ్రోత: నమస్కారం మేడమ్. కాలేజీలో పాఠం చెబుతూ పీహెచ్‌డీ చేస్తున్నాను. కౌన్సెలింగ్‌కు వచ్చే దంపతుల మీద. 32 ప్రశ్నల దాంపత్య సర్దుబాటు కొలమానం వాడాను. భార్యాభర్తలు కలిపి 90 మంది. సరిపోతుందా?

నిపుణురాలు: 90 మంది కాదు బాబూ, 45 జంటలు. భర్త జవాబు, భార్య జవాబు ఒకే మంచం మీద నుంచి వచ్చాయి. వాటిని ఒకదానితో ఒకటి సంబంధం లేని జవాబులుగా లెక్క కడితే ఫలితం తప్పుతుంది. జంటను జంటగానే ఉంచి చేసే గణాంక పద్ధతులు ఉన్నాయి, మీ గణాంకశాస్త్ర విభాగం వాళ్లను అడగండి. ఇంకో మాట. ఆ కొలమానం 1976లో అమెరికాలో తయారైంది. తెలుగులో ఎవరు పెట్టారు?

శ్రోత: నేనే మేడమ్.

నిపుణురాలు: వేరొకరితో తిరిగి ఇంగ్లీషులోకి పెట్టించి, మూలంతో పోల్చి చూశారా?

శ్రోత: లేదు. టైము లేక...

నిపుణురాలు: ముందు ఆ పని చేయండి. ప్రేమను చూపించుకుంటారా అని అడిగితే మన పల్లెలో దంపతులు సిగ్గుతో తల దించుకుంటారు. ఆయన పొలం నుంచి వచ్చేదాకా ఆమె తినకుండా కూర్చుంటుంది. దానికి మీ కాగితంలో గడి ఎక్కడ ఉంది?

వ్యాఖ్యాత: ధన్యవాదాలు సార్. పీలేరు వైపు నుంచి ఒక పెద్దాయన లైన్లో ఉన్నారు. చెప్పండి.

శ్రోత: అమ్మా, నమస్కారం. నేను చదువుకున్నవాణ్ని కాదు. టమాటా పెడతాం, రెండు ఆవులు ఉన్నాయి. మా మనవడి గురించి అడగాలని. పదో తరగతి. ఆరు నెలలుగా కడుపు నొప్పి అంటాడు. స్కానింగులు అయ్యాయి, ఏమీ లేదన్నారు. కౌన్సెలింగ్‌కు పంపితే అక్కడ వాళ్లు ఇంటిల్లిపాదీ రండి అంటున్నారు. పైగా మేం మాట్లాడేది వీడియో తీస్తారట, పరిశోధన కోసమట. నొప్పి వాడికమ్మా, మేమంతా ఎందుకు? నా కొడుకు కువైట్‌లో డ్రైవరు. కోడలికి ఇల్లు పట్టదు, పిల్లవాడి మీద కేకలు వేస్తుంది. పాపం నా మేనకోడలు మాత్రం ఎన్నని చూసుకుంటుంది, పాలు పిండాలి, వంట చేయాలి, మా ఆవిడకు మోకాళ్లు పని చేయవు...

నిపుణురాలు: ఒక్క నిమిషం అన్నా. మేనకోడలు కూడా మీ ఇంట్లోనే ఉంటుందా?

శ్రోత: అదేనమ్మా, కోడలే. మా చెల్లెలి కూతురినే కొడుక్కి చేసుకున్నాం. మేనరికం.

నిపుణురాలు: ఇప్పుడు గమనించారా? కోపం వచ్చినప్పుడు కోడలు అన్నారు. జాలి కలిగినప్పుడు మేనకోడలు అన్నారు. మనిషి ఒక్కతే.

శ్రోత: ...నిజమేనమ్మా.

నిపుణురాలు: తప్పు పట్టడం లేదు. ఇది వినడానికే అందరినీ రమ్మంటారు. దగ్గర కాగితం ఉందా? మనవణ్ని అడిగి తీసుకోండి. మగవారికి చతురస్రం, ఆడవారికి సున్నా. మీకొకటి, మీ ఆవిడకొకటి, కింద కొడుకు, కోడలు. మామూలు పెళ్లికి ఒక గీత. రక్త సంబంధంలో పెళ్లికి రెండు గీతలు. కోడలి పైన ఆమె తల్లిని పెట్టండి. ఎవరామె?

శ్రోత: మా చెల్లెలు.

నిపుణురాలు: అంటే ఆ అమ్మాయి అత్తింటి కష్టం పుట్టింట్లో చెప్పుకుంటే, చెప్పేది ఎవరి గురించి? తన తల్లికి సొంత అన్న గురించి. ఆ తల్లి ఎవరి పక్షం ఉండాలి? ఈ బొమ్మను జీనోగ్రామ్ అంటారు. మన మేనరికం ఇళ్లలో గీతలన్నీ చుట్టుకుపోతాయి. అత్త అనే ఒక్క మాటలో తండ్రి అక్కచెల్లెళ్లు, భర్త తల్లి ఇద్దరూ ఉన్న భాష మనది. బయటి ఊళ్ల పుస్తకంలో ఉన్నట్టు గీస్తే మన కుటుంబం అందులో ఇమడదు.

శ్రోత: బాగుందమ్మా. కానీ నొప్పి వాడికి కదా, మేమంతా...

నిపుణురాలు: మళ్లీ అదే అడిగారు. అడగండి, పరవాలేదు. రాత్రి భోజనం ఎలా చేస్తారు? ఎవరెక్కడ కూర్చుంటారు?

శ్రోత: తొమ్మిదికి కువైట్ ఫోన్ వస్తుంది. వీడియో. ఆ వేళకే అందరం తింటాం. ఫోన్ నా దగ్గరే ఉంటుంది. ముందు నేను మాట్లాడతాను, తర్వాత మా ఆవిడ, తర్వాత కోడలు. ఆమె మాట్లాడుతుంటే మేం అక్కడే ఉంటాం. ఇల్లు చిన్నదమ్మా.

నిపుణురాలు: మనవడు?

శ్రోత: వాడు... ఫోన్ మోగగానే కంచం తీసుకుని గడప దగ్గరికి వెళ్తాడు. ఆవుల వైపు తిరిగి తింటాడు. నొప్పి అంటాడు ఒక్కోసారి. వాళ్ల నాన్న అడిగితే, అంతా బాగుందని నేనే చెబుతాను. దూరాన ఉన్నవాడిని బాధ పెట్టడం ఎందుకని.

నిపుణురాలు: నొప్పి తొమ్మిది గంటలకే ఎక్కువా?

శ్రోత: ...నేను లెక్క చూసుకోలేదమ్మా.

నిపుణురాలు: నేను ఫోన్లో జబ్బు పేరు చెప్పను. ఒకరు చెప్పింది ఒకరి మాట, ఇంటి మాట కాదు. మీ మాట కూడా అంతే. అయితే గడప దగ్గరి ఆ కంచం ఏ స్కానింగులోనూ కనబడదు. దాన్ని చూడాలంటే మీరంతా ఒకే గదిలో కూర్చోవాలి. మీరు మీ ఆవిడ గురించి కాదు, మనవడు మీ ఇద్దరి గురించి చెప్పాలి. నాన్న ఫోన్ పెట్టేశాక అమ్మను ముందు పలకరించేది ఎవరని వాడిని అడుగుతారు. ఇటలీలోని మిలాన్‌లో కుటుంబ చికిత్స చేసే బృందం రూపొందించిన పద్ధతి అది. ఇద్దరి మధ్య ఏముందో మూడోవారిని అడగడం.

శ్రోత: వీడియో ఎవరైనా చూస్తే? ఊళ్లో పరువు... హలో... అమ్మా...

వ్యాఖ్యాత: లైన్ తెగినట్టుంది. పెద్దాయన మళ్లీ ప్రయత్నించవచ్చు. మదనపల్లె నుంచి మరో కాల్.

శ్రోత: మేడమ్, మా ఆయన తాగి కొడతాడు. ఇద్దరినీ కూర్చోబెట్టి కౌన్సెలింగ్ ఇప్పించమని మా వాళ్లు అంటున్నారు. పరిశోధన కోసమని ఒకమ్మాయి కూడా వచ్చి అడిగింది...

నిపుణురాలు: తల్లీ, జాగ్రత్తగా విను. దెబ్బలు ఉన్న చోట ఇద్దరినీ కలిపి కూర్చోబెట్టకూడదు. అక్కడ నువ్వు నిజం చెబితే ఇంటికెళ్లాక దెబ్బలు పడతాయి. ముందు నీ క్షేమం. 181కి ఫోన్ చెయ్యి, అది మహిళల హెల్ప్‌లైన్. మనసు భారంగా ఉంటే 14416, టెలి మానస్. ఇంటి గడపలో నిలబడి ఇలాంటి ప్రశ్న అడిగే పరిశోధకులు కూడా వింటున్నారు కదా, మీకూ చెబుతున్నాను. అతను ఇంట్లో ఉండగా ఆమెను ఈ ప్రశ్న అడగకండి. మీ కాగితం కన్నా ఆమె ప్రాణం ముఖ్యం. ఫోన్ పెట్టేయకమ్మా, మా వాళ్లు నీతో విడిగా మాట్లాడతారు.

వ్యాఖ్యాత: చిత్తూరు నుంచి. క్లుప్తంగా అడగండి.

శ్రోత: మా తమ్ముడికి స్కిజోఫ్రీనియా. వేలూరు తీసుకెళ్తే, ఇంటి మనిషి కూడా ఉండాలన్నారు. భారం మా మీద వేస్తున్నారా అనిపించింది.

నిపుణురాలు: అది భారం వేయడం కాదు, మన దేశంలో చాలా ఏళ్లుగా ఉన్న మంచి పద్ధతి. 1950లలో అమృత్‌సర్‌లో డాక్టర్ విద్యాసాగర్ మానసిక ఆసుపత్రి ఆవరణలో గుడారాలు వేయించి, రోగితో పాటు బంధువులను ఉంచారు. వేలూరు బాగాయంలోని మానసిక ఆసుపత్రిలో రోగి తోడుగా ఇంటివాళ్లు ఉండే ఏర్పాటు అదే దారిలోది. అమెరికాలో మర్రే బోవెన్ అనే మానసిక వైద్యుడు కూడా 1954లో కుటుంబాలను ఆసుపత్రిలోనే ఉంచి చూడడం మొదలుపెట్టారు. లండన్‌లో ఇంటివాళ్లతో ఇంటర్వ్యూ చేసి, రోగి గురించి ఎన్నిసార్లు ఎత్తి పొడిచారో, గొంతు ఎలా మారిందో లెక్క పెట్టే పద్ధతి తయారైంది. దాన్నే చండీగఢ్‌లో వాడి 1987లో ఫలితాలు ప్రచురించారు. లండన్ కన్నా అక్కడి ఇళ్లలో ఆ ఎత్తిపొడుపు తక్కువగా కనిపించింది. మీ తమ్ముడి పక్కన కూర్చోండి. ఎత్తి పొడవకండి. మందులు మాత్రం మానిపించకండి.

వ్యాఖ్యాత: ధన్యవాదాలు. పీలేరు పెద్దాయన మళ్లీ లైన్లోకి వచ్చారు. సమయం తక్కువ ఉంది.

శ్రోత: వీడియో గురించి అడిగానమ్మా. ఆ కాగితం మీద నేను వేలిముద్ర వేస్తే సరిపోతుందా, ఇంటి పెద్దను కాబట్టి?

నిపుణురాలు: సరిపోదు. ఒకరి వేలిముద్ర ఒకరిదే. మీరు, మీ ఆవిడ, కోడలు విడివిడిగా ఒప్పుకోవాలి. మీ అబ్బాయి గొంతు అందులో వినిపించేటట్టయితే ఆయన కూడా. పిల్లవాడి తరఫున తల్లో తండ్రో సంతకం పెడతారు. అంతటితో అయిపోదు. భారత వైద్య పరిశోధన మండలి (ఐసీఎంఆర్) 2017 మార్గదర్శకాల ప్రకారం ఆ వయసు పిల్లవాడి అంగీకారం కూడా రాతపూర్వకంగా తీసుకోవాలి. వాడు వద్దంటే వద్దు. వీడియో వద్దన్నా చికిత్స ఆపకూడదు. ఎవరు చూస్తారు, ఎన్నాళ్లు దాస్తారు, ఎప్పుడు చెరిపేస్తారు అని మూడు ప్రశ్నలు అడగండి. ముఖాలు, పేర్లు కనబడకుండా చేస్తారా అన్నదీ అడగండి. జవాబు కాగితం మీద లేకపోతే సంతకం పెట్టకండి.

శ్రోత: వాడిని ఎవరూ ఇంతవరకు ఏమీ అడగలేదమ్మా. నేను కూడా.

నిపుణురాలు: ఈ రాత్రి అడగవద్దు. కొత్తగా ఏమీ మార్చవద్దు. ఫోన్ మోగినప్పుడు ఎవరెక్కడ కూర్చున్నారో మాత్రం చూడండి. ఆ కాగితం వెనక వైపు ఇల్లు గీసి, గడప దగ్గర వాడి చతురస్రం పెట్టండి. అది తీసుకుని అందరూ వెళ్లండి. మీ మేనకోడలిని కూడా తీసుకెళ్లండి.

శ్రోత: అలాగేనమ్మా. సోమవారం పాలు పోసి, పదకొండు బస్సుకు బయలుదేరతాం.

వ్యాఖ్యాత: సమయం అయిపోయింది. లైన్లో వేచి ఉన్న పాకాల, నగరి శ్రోతలు క్షమించాలి. వచ్చే వారం మొదటి రెండు కాల్స్ మీవే. మేడమ్‌కు ధన్యవాదాలు, నమస్కారం.