పేరు పడని మొహాలు

అందరికీ నమస్కారం. ఇక్కడున్న వాళ్లలో డాక్యుమెంటరీలు తీద్దామనుకునే పిల్లలే ఎక్కువ కాబట్టి నేరుగా విషయానికొస్తాను. కంపెనీల కుంభకోణాల మీద తీసిన సినిమాల్లో ఛైర్మనో లాయరో మాట్లాడితే కింద పేరు పడుతుంది. పాత ఫుటేజీలో అలా నడిచిపోయే ఉద్యోగికి మాత్రం పడదు. కొంప మునిగింది అతనిదే.

ఎన్‌రాన్ సంగతి చూడండి. లెక్కల మోసం బయటపడి కూలిపోయిన అమెరికా ఇంధన కంపెనీ అది. 1999 డిసెంబరులో ఉద్యోగులందరితో పెట్టిన మీటింగ్ వీడియో ఒకటుంది. రిటైర్మెంట్ కోసం దాచుకునే డబ్బంతా కంపెనీ షేర్లలోనే పెట్టమంటారా అని ఎవరో అడిగారు. హెచ్‌ఆర్ చూసే అధికారిణి ఆ ప్రశ్న చదివి, తప్పకుండా పెట్టండి అన్నారు. ఆ క్లిప్ వేసినప్పుడు మన కళ్లన్నీ వేదిక మీదే ఉంటాయి. నన్నడిగితే చూడాల్సింది కింద కూర్చున్నవాళ్లని. ఆ మాట నమ్మాల్సింది వాళ్లే కదా! 2000 ఆగస్టులో 90 డాలర్లు తాకిన షేరు, 2001 డిసెంబరు 2న కంపెనీ దివాలా పిటిషన్ వేసేనాటికి ఒక డాలరు కూడా పలకలేదు. మర్నాడు హ్యూస్టన్‌లో దాదాపు 4,000 మందిని తీసేశారు. అట్టపెట్టెలు పట్టుకుని బయటికొస్తున్న మనుషుల దృశ్యాలు అప్పటివే.

ఇక మన ఊరు, హైదరాబాద్. 2009 జనవరి 7, బుధవారం. ఐటీ కంపెనీ సత్యం కంప్యూటర్స్ ఖాతాల్లో చూపించిన నగదు, బ్యాంకు నిల్వల్లో 5,040 కోట్లు అసలు లేనే లేవని దాని ఛైర్మన్ రామలింగరాజు ఉత్తరం రాశారు. షేరు ఆ ఒక్కరోజే నాలుగింట మూడొంతులకు పైగా పడిపోయింది. అంతకుముందు దాకా సత్యంలో ఉద్యోగమంటే మంచి సంబంధం, అడగ్గానే హోమ్ లోన్. ఆ రోజు నుంచి ఈఎంఐ ఎలా కట్టాలన్న టెన్షన్.

నాకు బాగా గుర్తున్న షాట్ ఒకటి చెబుతాను. ఒకమ్మాయి ఐడీ కార్డు చున్నీ కిందికి తోసేసుకుని, మైకు తప్పించుకుని గబగబా వెళ్లిపోతుంది. కెమెరా వెంటపడుతుంది. ఆమె ఏ లెక్కా తారుమారు చేయలేదు. 2015 ఏప్రిల్‌లో ప్రత్యేక కోర్టు రాజుతో పాటు మొత్తం పదిమందికి శిక్ష వేసింది. ఆ వార్తకీ వెనకాల ఇలాంటి పాత దృశ్యాలే తిప్పారు. మోసం అన్న మాట వినపడుతుంటే తెర మీద ఆ అమ్మాయి మొహం! ఇది నాకు చాలా అన్యాయంగా అనిపిస్తుంది.

అందుకే మిమ్మల్ని అడుగుతున్నాను. ఫుటేజీ కొనేటప్పుడు తేదీ, చోటు అడిగి రాసుకోండి. వేరే ఆఫీసు ముందు తీసిన జనాన్ని సత్యం జనంగా చూపించకండి. నేరం గురించి వ్యాఖ్యానం నడుస్తున్నప్పుడు ఉద్యోగి మొహం దగ్గర ఆపొద్దు. వీలైతే ఆ మనిషిని వెతకండి. 2009లోనే టెక్ మహీంద్రా సత్యాన్ని తీసుకుంది, చాలామంది అక్కడే కొనసాగారు. మియాపూర్‌లోనో కూకట్‌పల్లిలోనో ఉంటారు, దూరమేం కాదు. ఆ రోజు ఇంటికెళ్లి అమ్మానాన్నలకి ఏం చెప్పారో అడగండి. మాట్లాడనంటే వదిలేయండి, మొహం కనపడకుండా చేయండి.

ఇక్కడ ఎవరైనా అప్పట్లో సత్యంలో పనిచేసినవాళ్లుంటే, టీ దగ్గర ఒక్కసారి నన్ను పలకరించండి. కెమెరా తీయను, ముందు మాట్లాడుకుందాం.