బండి పాతపట్నంలో, పేరు పర్లాకిమిడిలో

(ఒడిశాలోని పర్లాకిమిడిలో ఆటో, వ్యాను యజమానుల సమావేశంలో ఒక ప్లీడరు చేసిన ప్రసంగం)

సభకు నమస్కారం.

ఇన్సూరెన్సు గురించి చెప్పమన్నారు. ముందు నా స్కూటరు సంగతి చెబుతాను. దీపం కింద చీకటి అంటారే, అది మా ఇంట్లోనే.

కొన్నేళ్ల కిందట నా పాత స్కూటరును సరిహద్దు అవతలి పాతపట్నం కుర్రాడొకడికి అమ్మాను. బ్రోకరు 29, 30 నంబరు ఫారాలు తెచ్చి, "సంతకాలు పెట్టేయండి బాబూ, మిగతాది నేను చూసుకుంటాను" అన్నాడు. తేదీలు ఖాళీ, కొనేవాడి పేరూ ఖాళీ. పెట్టేశాను. ఖాళీ కాగితం మీద సంతకం పెట్టొద్దని కోర్టు వరండాలో రోజూ జనానికి చెప్పేది నేనే! డబ్బు లెక్కపెట్టుకుని సీ బుక్కు ఇచ్చేశాను. రెండేళ్లకు, రోడ్డు ప్రమాదాల పరిహారం తేల్చే ట్రిబ్యునల్ నుంచి నోటీసు వచ్చింది. స్కూటరు ఎవరినో గుద్దింది. అప్పటికి అది మూడో మనిషి చేతిలో ఉంది. ఇన్సూరెన్సు ఎప్పుడో అయిపోయింది. సీ బుక్కులో పేరు మాత్రం నాదే. ఎంత కట్టానని అడక్కండి, మా ఆవిడ ముందు వరసలోనే కూర్చుంది.

"అమ్మేశాను కదా, నాకేం సంబంధం?" అని మీరూ అంటారు, నేనూ అన్నాను. 1988 మోటారు వాహనాల చట్టం దృష్టిలో యజమాని అంటే ఎవరి పేరు మీద బండి రిజిస్టరై ఉందో ఆ మనిషి. ఫైనాన్సులో ఉన్న బండికి, మైనరు పేరు మీద ఉన్న బండికి వేరే లెక్క ఉంది, అది వదిలేయండి. 2018 ఫిబ్రవరి 6న సుప్రీంకోర్టు ముగ్గురు జడ్జీల బెంచి ఇదే తేల్చింది. ఆ కేసులో కారు 2007లో అమ్ముడై, చేతులు మారుతూ పోయింది. 2009 మేలో ప్రమాదం జరిగింది. ఆఖరున కొన్నవాడి మీద హైకోర్టు భారం వేస్తే, సుప్రీంకోర్టు దాన్ని కొట్టేసి, రికార్డులో పేరున్న మొదటి మనిషే బాధ్యుడంది. దెబ్బ తిన్నవాళ్లు చేతులు మారిన ప్రతి మనిషి వెనకా తిరగలేరు కదా. నా జేబుకు చిల్లు పడినా, ఆ మాట న్యాయమే అంటాను.

స్టాంపు పేపరు మీద "నేటి నుంచి సమస్త బాధ్యతలు కొన్నవారివే" అని రాయించుకుంటారే, అది మీ ఇద్దరి మధ్యే చెల్లుతుంది. మీరు కట్టాక అతని మీద దావా వేసుకోవచ్చు. రోడ్డు మీద పడ్డవాడికి ఆ కాగితంతో పని లేదు.

ఇప్పుడు ఇన్సూరెన్సు. ఇక్కడే జనం ఎక్కువ తికమక పడతారు. బండి అమ్మగానే థర్డ్ పార్టీ పాలసీ, అంటే మన బండి వల్ల దెబ్బ తిన్న బయటివాళ్లకు పరిహారమిచ్చే పాలసీ, కొన్నవాడి పేరుకు మారినట్టే లెక్క. 157వ సెక్షన్ అలా అంటుంది. కొన్నవాడు 14 రోజుల్లో కంపెనీకి దరఖాస్తు పెట్టి పేరు మార్పించుకోవాలి. పెట్టకపోయినా, పాలసీ గడువులో ఉంటే దెబ్బ తిన్న మూడో మనిషికి పరిహారం ఎగ్గొట్టడానికి కంపెనీకి వీల్లేదు. కానీ కొన్నవాడి సొంత బండి డొక్కు అయితే? దానికి ఈ సెక్షన్ వర్తించదని సుప్రీంకోర్టు 1990ల్లోనే చెప్పింది. సీ బుక్కులో పేరు మార్పించుకుని, పాలసీ పాత పేరు మీదే ఉంచి, ఫుల్ ఇన్సూరెన్స్ ఉందిగా అని ధీమాగా తిరిగేవాళ్లు నాకు చాలామంది తెలుసు. గేదె అడ్డొచ్చి బంపరు ఊడినప్పుడు బయటపడుతుంది. క్లెయిమ్ చేయనందుకు ప్రీమియంలో తగ్గించే నో క్లెయిమ్ బోనస్ కూడా బండిది కాదు, అమ్మినవాడిది. అతను దాన్ని తన కొత్త బండికి తీసుకుపోతాడు.

మనది సరిహద్దు కాబట్టి ఇంకో పేచీ. ఊళ్లోవాళ్లకే అమ్మితే 14 రోజుల్లో ఆర్టీవోకు తెలియజేయాలి. మహేంద్రతనయ నది దాటి శ్రీకాకుళం జిల్లాకు పోతే బండి వేరే రాష్ట్రానికి పోయినట్టే. అప్పుడు మీకు 45 రోజుల గడువు, ఇక్కడి ఆర్టీవో నుంచి ఎన్‌ఓసీ, అంటే అభ్యంతరం లేదనే పత్రం, కావాలి. ఫైనాన్స్ ఉంటే వాళ్ల ఒప్పుదల, ట్యాక్సు, చలాన్ల బాకీ, అన్నీ తేలాలి. కొన్నవాడు 30 రోజుల్లో తన ఆర్టీవో దగ్గరకు వెళ్లాలి. ఏడాది దాటి అక్కడే తిరిగితే కొత్త నంబరు వేయించుకోవాలి. అక్కడ ట్యాక్సు మళ్లీ పడుతుందని భయపడి మన ఒడిశా ఓడీ 20 నంబరుతోనే తిప్పుకుంటారు. చుట్టాలే కదా, పొద్దున వెళ్లి సాయంత్రం వచ్చేదే కదా అని మనమూ ఊరుకుంటాం. చుట్టరికం వేరు, సీ బుక్కు వేరు.

డీలరుకు అమ్ముతున్నారా? 2023 ఏప్రిల్ 1 నుంచి ఆర్టీవో గుర్తింపున్న డీలరుకు బండి అప్పగించి, ఆ సంగతి ఆన్‌లైన్‌లో ఎక్కిస్తే, అక్కణ్ణుంచి యజమాని బాధ్యత డీలరుదే. గుర్తింపు పత్రం చూపించమనండి. నీళ్లు నమిలితే బండి వెనక్కి తెచ్చేసుకోండి.

ఇక నేను ఏం చేస్తున్నానంటే, బేరం కుదిరాక కొంత సొమ్ము మిగిల్చి ఉంచి, ఇద్దరం కలిసి ఆర్టీవో ఆఫీసుకు వెళ్తున్నాం. నంబరు కొట్టి యాప్‌లో పేరు మారిందో లేదో చూసుకున్నాకే లెక్క తేలుస్తున్నాను. పోయినసారి కొన్నవాడు "ఇంత టెన్షన్ ఎందుకు మాస్టారూ" అని నవ్వాడు. నవ్వనీ.

సీ బుక్కులు, పాలసీలు తెచ్చుకున్నవాళ్లు ఇటు రండి. టీ వస్తోంది, తాగుతూ ఒక్కొక్కటే చూద్దాం.