పెళ్లి తగువు ఏ కోర్టుకి, తోట తగువు ఏ కోర్టుకి?

అందరికీ నమస్కారమండి. మీలో ఎవరికీ కోర్టు మెట్లెక్కే పని పడకూడదనే కోరుకుంటాను గానీ, మన గోదావరి జిల్లాల్లో సెంటు ధర చూశాక ఆ కోరిక మీద నాకే నమ్మకం సడలిపోయింది. ఇక్కడ పెళ్లి తగువుల్లో చాలా వాటికి మూలం పొలమే. మనిషి పోయాక, పెద్దకర్మ భోజనాలు అయ్యాక, "ఇంతకీ ఆవిడ ఆయన పెళ్లామేనా?" అని ఎవరో ఒకరు ఎత్తుతారు. అన్నేళ్లూ ఎవరికీ రాని అనుమానం అది.

ఒక ఇల్లు అనుకుందాం. అమలాపురం దగ్గర ఎకరం కొబ్బరి తోట, ఆయన స్వార్జితం. భార్య మస్కట్‌లో ఇళ్లలో పనికి వెళ్లింది. ఇద్దరికీ చెడింది. పెద్దల్లో కూర్చుని స్టాంపు కాగితం మీద తెగదెంపులు రాసుకున్నారు. ఆయన అన్నవరం కొండ మీద ఇంకొకామె మెడలో తాళి కట్టాడు, ఇద్దరు కొడుకులు పుట్టారు. మొదటి ఆవిడకు ఒక కూతురు. వీలునామా రాయకుండానే ఆయన పోయాడు, తల్లి ఇంకా ఉంది.

ముందు ఆ స్టాంపు కాగితం సంగతి. హిందూ వివాహ చట్టం, 1955లో 29వ సెక్షన్ ఆచారం ప్రకారం ఇచ్చుకునే విడాకులను ఒప్పుకుంటుంది. కానీ మా వాళ్లలో అలాంటి ఆచారం ఎప్పటి నుంచో ఉందని కోర్టులో సాక్ష్యంతో నిరూపించుకోవాలి. పంచాయతీ ప్రెసిడెంటు గారు సంతకం పెట్టారు, నోటరీ ముద్ర కూడా ఉందండి అంటే కుదరదు. నిరూపించలేకపోతే మొదటి పెళ్లి ఇంకా ఉన్నట్టే, రెండోది అసలు జరగనట్టే.

అప్పుడు తోట ఐదు భాగాలవుతుంది: మొదటి భార్య, ఆమె కూతురు, రెండో ఆమె కొడుకులిద్దరు, ముసలి తల్లి. తలా ఇరవై సెంట్లు. కొడుకులకు ఎందుకంటే, పెళ్లి చెల్లకపోయినా పిల్లలు సక్రమ సంతానమేనని అదే వివాహ చట్టంలో 16వ సెక్షన్ చెబుతోంది. తోట పిత్రార్జితమైతే మాత్రం, పంపకాల్లో తండ్రికి పడే వాటాలోనే వాళ్లకు భాగం వస్తుందని 2023లో రేవణసిద్దప్ప కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. ఇక వాళ్ల తల్లికి? ఆయన్ని మంచంలో ఉన్నన్నాళ్లూ కనిపెట్టుకున్న మనిషికి వారసురాలిగా ఒక్క సెంటు రాదు. నాకు ఇది న్యాయంగా తోచదు. చట్టం మాత్రం అదే.

ఏ కోర్టుకు వెళ్లాలన్నది ఇప్పుడు చూద్దాం. ఫ్యామిలీ కోర్టుల చట్టం, 1984లో 7వ సెక్షన్ దగ్గరే కథంతా ఉంది. పెళ్లి చెల్లుతుందా, ఫలానా మనిషి భార్యా కాదా అని ప్రకటించమనే దావా ఫ్యామిలీ కోర్టుదే. "భార్యను" అన్నా, "ఆవిడ నా భార్య కాదు" అన్నా అక్కడికే వెళ్లాలని 2016లో బలరాం యాదవ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఆస్తి దగ్గరకు వచ్చేసరికి చట్టం గీత గీసింది: భార్యాభర్తల మధ్య ఆస్తి తగువైతేనే ఫ్యామిలీ కోర్టు. మస్కట్ డబ్బుతో మొగుడి పేరున కొన్న ఇంటి కోసం ఆవిడ వేసే దావా అలాంటిది. విడాకులయ్యాక వేసినా పరిధి పోదని 2003లోనే తీర్పు ఉంది.

మన కథలో మొగుడు పోయాడు. ఇప్పుడు తగువు అత్తకూ కోడలికీ, సవతి పిల్లలకీ. ఇది పంపకాల దావా, సివిల్ కోర్టులో వేయాలి. అక్కడే జాగ్రత్తగా ఉండాలి. దావాలో మీరు కోరేది ఏమిటో చూస్తారు. మొదటి కోరికగా "నేను ఆయన భార్యనని ప్రకటించండి" అని రాశారా, ఈ పని ఫ్యామిలీ కోర్టుదని అవతలి లాయరు 8వ సెక్షన్ పట్టుకుని లేస్తాడు. ఆ అభ్యంతరం తేలేలోపు తోటలో ఎన్ని దింపులు అయిపోతాయో మీకే తెలుసు. ఆ కాయల డబ్బు అప్పటిదాకా తోట ఎవరి స్వాధీనంలో ఉంటే వాళ్ల చేతికే పోతుంది. అందుకే వాటా అడగాలా, భార్య హోదా అడగాలా అన్నది దావా రాయించేటప్పుడే తేల్చుకోండి.

తహసీల్దారు ఇచ్చే ఫ్యామిలీ మెంబర్ సర్టిఫికెట్‌తో పెళ్లి రుజువైపోదు. అయినా పనికిరాని కాగితమేం కాదు. ఫ్యామిలీ కోర్టు సాక్ష్యం విషయంలో కాస్త ఉదారంగా ఉంటుంది: శుభలేఖ, పెళ్లి ఆల్బమ్, రేషన్ కార్డు, గుడి రసీదు, ఏదైనా తగువు తేల్చడానికి పనికొస్తుందనుకుంటే 14వ సెక్షన్ కింద తీసుకోవచ్చు. ముందు రాజీకి ప్రయత్నిస్తారు. లాయరును పెట్టుకోవడం అక్కడ హక్కు కాదు, కోర్టు అనుమతిస్తేనే. లాయరుగా నా పొట్ట కొట్టే సెక్షనే, అయినా చెప్పాలి కదండీ! తీర్పు నచ్చకపోతే అప్పీలు నేరుగా హైకోర్టుకే, గడువు 30 రోజులు.

ఇవాళ కాగితాలు పట్టుకొచ్చినవాళ్లు ఈ పక్కకు రండి. ఈసీ (ఆస్తి లావాదేవీల సర్టిఫికెట్), 1బి (భూమి హక్కుల రికార్డు), పెళ్లి ఫొటోలు ఏవి ఉంటే అవి తీసి పెట్టుకోండి, ఒక్కొక్కరివీ చూద్దాం.